పీఎస్ఐఆర్ ఆప్షనల్ కోర్సు: పాఠానికి ఇచ్చిన డబ్బు దక్కింది, పుస్తకానికి ఇచ్చింది దక్కలేదు

సివిల్స్ మెయిన్స్‌కు రాజనీతిశాస్త్రం, అంతర్జాతీయ సంబంధాలు (పీఎస్ఐఆర్) ఆప్షనల్‌గా తీసుకుని, హైదరాబాద్ అశోక్‌నగర్‌లోని ఒక కోచింగ్ సంస్థలో పది నెలల కోర్సు ఈ మధ్యే పూర్తి చేశాను. సంస్థ పేరు రాయను. ఇక్కడ చెప్పబోయే లోపాల్లో సగం ఆ వీధిలో ఏ మెట్లెక్కినా కనిపించేవే కాబట్టి, ఒక్కరి పేరు రాస్తే మిగిలిన వాళ్ళకు యోగ్యతాపత్రం ఇచ్చినట్టవుతుంది. నేను డిగ్రీ, ఎంఏ తెలుగు మాధ్యమంలో చదివాను, మెయిన్స్ కూడా తెలుగులోనే రాస్తాను. ఈ సమీక్ష ముఖ్యంగా నాలాంటి వారి కోసం. ఇంగ్లీషులో రాసేవారికి ఇదే కోర్సు చాలా మేలైన సరుకుగా కనిపించవచ్చు.

ఆప్షనల్‌కు రెండు పేపర్లు, ఒక్కోటి 250 మార్కులు. రాతపరీక్షలో లెక్కకు వచ్చే 1750 మార్కుల్లో 500 వీటివే కనుక ఫీజు గురించి ఎవరూ పెద్దగా బేరమాడరు, నేనూ ఆడలేదు. కట్టిన డబ్బుకు మూడు వస్తువులు ఇస్తారు: వారానికి ఐదు రోజుల తరగతులు, తొమ్మిది సంపుటాల తెలుగు మెటీరియల్, పదహారు పరీక్షల టెస్ట్ సిరీస్. ఈ మూడింటినీ విడివిడిగా అమ్మరు. నా ఫిర్యాదుల్లో మొదటిది అదే, ఎందుకంటే ఈ మూడూ ఒకే చేతి పనిలా అనిపించవు.

తరగతులతో మొదలుపెడతాను. ప్లేటో, అరిస్టాటిల్, లాక్, మిల్ పాఠాలు ఎక్కడైనా దొరికేలాగానే సాగాయి, వాటి గురించి చెప్పవలసింది ఎక్కువ లేదు. రెండో పేపర్‌లో, దేశాల మధ్య చివరికి చెల్లేది బలమేననే వాస్తవికవాదం మొదలైన రోజు మాత్రం గది వాతావరణమే మారిపోయింది. సార్ బోర్డు మీద నిర్వచనం రాయకుండా ఇద్దరు విద్యార్థులను లేపి ఒకరిని ఏథెన్స్ దూతగా, మరొకరిని మెలోస్ ద్వీపవాసిగా నిలబెట్టారు. క్రీస్తుపూర్వం 416లో ఏథెన్స్ నౌకాదళం ఆ చిన్న ద్వీపాన్ని చుట్టుముట్టి లొంగిపొమ్మని అడిగిన సందర్భాన్ని గ్రీకు చరిత్రకారుడు థ్యుసిడిడీస్ సంభాషణ రూపంలో రాశాడు. బలవంతులు చేయగలిగింది చేస్తారు, బలహీనులు పడవలసింది పడతారు అన్న ఏథెన్స్ వాదనను ప్రతి గైడులోనూ వాస్తవికవాదానికి పునాదిరాయి అని అచ్చు వేస్తారు. ఆ ఒక్క వాక్యం బట్టీపట్టి పదేళ్ళుగా జవాబుల్లో అతికిస్తున్నవాళ్ళలో నేనూ ఒకణ్ణి.

ఆ రోజు సార్ మెలోస్ వైపు వాదనలన్నీ ఆ అబ్బాయి చేత ఒక్కొక్కటిగా చెప్పించారు. న్యాయాన్ని పక్కన పెట్టి లాభం గురించే మాట్లాడదామంటే సరే, కానీ అందరికీ వర్తించే న్యాయం ఒకటి మిగిలి ఉండటం మీకూ లాభమే, రేపు మీరు కూలిన రోజున మీకూ దాని అవసరం పడుతుంది అన్నది వాటిలో మొదటిది. తటస్థంగా ఉంటామంటే ఎందుకు ఒప్పుకోరన్నది మరొకటి. దానికి ఏథెన్స్ ఇచ్చిన జవాబు విన్నాక గదిలో కాసేపు ఎవరూ మాట్లాడలేదు: మీ శత్రుత్వం కన్నా మీ స్నేహమే మాకు నష్టం, ఎందుకంటే మీతో స్నేహానికి ఒప్పుకుంటే మా కింద ఉన్న మిగతా ద్వీపాలు మమ్మల్ని బలహీనులనుకుంటాయి. స్పార్టా వస్తుందన్న ఆశతో మెలోస్ లొంగలేదు, స్పార్టా రాలేదు, పట్టుబడిన మగవాళ్ళను చంపి స్త్రీలను, పిల్లలను బానిసలుగా అమ్మారు. సార్ అక్కడ ఆపి, థ్యుసిడిడీస్ ఆ వెంటనే ఏ కథ ఎత్తుకున్నాడో చూడమన్నారు. మరుసటి ఏడాది ఏథెన్స్ సిసిలీ మీదికి దండెత్తడం, 413లో ఆ సైన్యం సర్వనాశనం కావడం. బలం గురించి అంత ధీమాగా మాట్లాడిన నగరం తన బలాన్ని తానే ఎలా తప్పుగా లెక్కవేసుకుందో వరుసలో పెట్టి చూపించిన రచయితను, ఆ దూతల మాటకు వత్తాసు పలికినవాడిగా చదవడం సరికాదని నాకు మొదటిసారి అర్థమైంది. ఈ ఒక్క తరగతికే ఫీజులో నాలుగో వంతు గిట్టిందని అనుకుంటాను.

ఇద్దరూ వాస్తవికవాదులే అయిన మోర్గెంథాకు, వాల్ట్జ్‌కు మధ్య తేడా చెప్పడానికి సార్ బోరుబావిని తెచ్చారు. ఆయనది అనంతపురం జిల్లా కనుక ఆ ఉదాహరణ ఆయన నోట అరువు తెచ్చినట్టు లేదు. పక్క చేను రైతు మూడు వందల అడుగులు వేస్తే మనం ఐదు వందలు వేస్తాం, మనల్ని చూసి అతను ఏడు వందలకు దిగుతాడు. ఇద్దరిలో ఎవరూ దుర్మార్గులు కారు, ఎవరికీ పక్కవాడి పంట ఎండబెట్టాలన్న కోరిక లేదు, అయినా నీళ్ళు అడుగంటుతాయి. రైతు స్వభావంలోనే ఆశ ఉంది కాబట్టి ఇలా జరుగుతోందనేది మోర్గెంథా దారి. 1948 నాటి ఆయన పుస్తకంలో అధికార కాంక్షకు వేరు మానవ స్వభావంలోనే ఉంటుంది. స్వభావం ఎలాంటిదైనా, తవ్వకాన్ని ఆపగల పైవాడు లేని పరిస్థితిలో మంచివాడు కూడా తవ్వక తప్పదనేది 1979లో వాల్ట్జ్ చెప్పిన నిర్మాణాత్మక వాస్తవికవాదం. ఊళ్ళో అయితే వాల్టా చట్టం ఉంది, కనీసం కాగితం మీద తహసీల్దారు ఉన్నాడు, దేశాల మీద తహసీల్దారు లేడని సార్ అన్నప్పుడు అందరం నవ్వాం. నవ్వు ఆగాక, పక్క చేను సొంత అన్నదమ్ముడిదైతే అప్పుడూ ఇలాగే భయపడతామా అని అడిగి, శత్రుత్వమైనా స్నేహమైనా దేశాలు ఒకదాన్నొకటి ఎలా చూస్తాయన్నదాన్ని బట్టే ఏర్పడుతుందనే నిర్మితివాది వెండ్‌ట్‌ను పరిచయం చేశారు. బ్రిటన్ దగ్గరున్న ఐదు వందల అణ్వాయుధాల కన్నా ఉత్తర కొరియా దగ్గరుండే ఐదు అణ్వాయుధాలు అమెరికాకు ఎక్కువ భయం కలిగిస్తాయన్న ఆయన ఉదాహరణ ఆ తర్వాత వేరే వివరణ అవసరం లేకుండానే అర్థమైంది. సిలబస్‌లో నిర్మితివాదం పేరు లేనే లేదు, అక్కడ కనిపించేవి ఆదర్శవాదం, వాస్తవికవాదం, మార్క్సిజం, ప్రకార్యవాదం, వ్యవస్థా సిద్ధాంతం మాత్రమే. అయినా రెండు పూర్తి తరగతులు దానికిచ్చిన సంస్థను ఆ మేరకు మెచ్చుకోవాలి.

కౌటిల్యుడి పాఠం సగమే తృప్తినిచ్చింది. మండల సిద్ధాంతం అంటే పొరుగువాడు శత్రువు, శత్రువుకు శత్రువు మిత్రుడు అన్న రెండు ముక్కలతో సరిపెట్టకుండా, గెలవగోరే రాజు విజిగీషువు నుంచి ఏ పక్షానా లేని ఉదాసీనుడి దాకా పన్నెండు మంది రాజులను వృత్తంలో గీసి, వెనుక ఉండే శత్రువు పార్ష్ణిగ్రాహుడిని, అతని వెనుక ఉండే మన మిత్రుడు ఆక్రందుడిని ఎందుకు లెక్కలోకి తీసుకోవాలో చెప్పారు. షాడ్గుణ్యంలో, అంటే రాజు పాటించగల ఆరు విధానాల్లో, సంధికి, విగ్రహానికి (యుద్ధానికి) మధ్య ఊరికే కూర్చోవడం కూడా, అంటే ఆసనం కూడా, ఒక విధానమేనన్న మాట బాగా వివరించారు. ఇబ్బంది ఆ తర్వాత వచ్చింది. పాకిస్తాన్ అరి (శత్రువు), అఫ్ఘానిస్తాన్ మిత్రుడు, చైనా అరిమిత్రుడు అని ఆ వృత్తాన్ని నేటి పటం మీద అతికించారు. ఆ లెక్కన మనతో సుదీర్ఘమైన సరిహద్దున్న చైనా మన అరి కాకుండా ఎలా పోయిందని ముందు బెంచీ అమ్మాయి అడిగితే, పరీక్షలో ఇంతే రాస్తే చాలన్నారు. ఇంకొక చిన్న అసంతృప్తి కూడా ఉంది. మాకియవెల్లి తన రచన చేసిన 1513వ సంవత్సరానికి ఇక్కడ కృష్ణదేవరాయలు సింహాసనం మీదున్నాడు, ఆముక్తమాల్యద నాలుగో ఆశ్వాసంలో యామునాచార్యుడు కొడుక్కి చెప్పిన రాజనీతి మన భాషలోనే ఉంది. రేవులను బాగా నడిపి గుర్రాలు, ఏనుగులు, మణులు తెచ్చే విదేశీ వర్తకులను ఆదరించమనే పద్యం అంతర్జాతీయ సంబంధాల పాఠం కాక మరేమిటి? సిలబస్‌లో లేనిది చెప్పలేదని సంస్థను తప్పు పట్టను. పద్యం చదవగల పాతికమంది కూర్చున్న గదిలో ఒక్క నిమిషం దాని ప్రస్తావన వచ్చినా బాగుండేదనిపించింది, అంతే.

ఇక మెటీరియల్. నన్ను ఈ సమీక్షకు కూర్చోబెట్టింది ఇదే.

తొమ్మిది సంపుటాలూ ఇంగ్లీషు నోట్సుకు అనువాదాలు, అవి మనిషి చేసినవని నమ్మడం కష్టం. మొదటి సంపుటంలో హన్నా అరెంట్ పాఠంలో ఈ వాక్యం ఉంది: “అరెంట్ ప్రకారం అధికారం అనేది అధికారం కంటే భిన్నమైనది, ఈ రెండింటినీ గందరగోళపరచరాదు.” గందరగోళపరచరాదని చెప్పే వాక్యమే గందరగోళమైంది. జరిగిందేమిటంటే, ఇంగ్లీషులో పవర్, అథారిటీ అనే రెండు వేర్వేరు మాటలకు తెలుగులో ఒకే మాట వేశారు. అరెంట్ దృష్టిలో పవర్ అంటే మనుషులు కలిసి ఒక్కమాట మీద పనిచేసినప్పుడు వారి మధ్య పుట్టే శక్తి, గుంపు విడిపోతే అది ఉండదు. అథారిటీ అంటే ప్రశ్నించకుండా ఎదుటివారు అంగీకరించే పెద్దరికం, దానికి బెదిరింపూ అక్కర్లేదు, బుజ్జగింపూ అక్కర్లేదు. హింస మొదటిదాన్ని నాశనం చేయగలదే కాని పుట్టించలేదు. ఆమె ఆలోచనంతా ఈ మాటలను విడదీయడంలోనే ఉంది. సామూహిక శక్తి, ప్రామాణ్యం అని రాసినా విద్యార్థి బతికిపోయేవాడు. రెంటినీ అధికారం చేసేశాక ఆ పన్నెండు పేజీల్లో చదవడానికి మిగిలింది ఆమె పుట్టిన సంవత్సరం, 1906.

గ్రాంసీ పాఠంలో ఇదే జబ్బు ఇంకొక రూపంలో ఉంది. పాలక వర్గం లాఠీతో లొంగదీసుకోవడం ఒకటి, బడి, చర్చి, పత్రికల ద్వారా తన ఆలోచననే అందరి ఇంగితజ్ఞానంగా మార్చి సమ్మతితో ఏలడం మరొకటి. ఈ రెండో దానికే ఆయన హెజిమనీ అన్నాడు. మెటీరియల్‌లో రెండూ ఆధిపత్యమే. పైగా పద్నాలుగో పేజీలో ఆధిపత్యమైన హెజిమనీ, పందొమ్మిదో పేజీలో అధినాయకత్వంగా మారి, ఏడో సంపుటంలో అమెరికా దగ్గరికి వచ్చేసరికి పెత్తనం అయింది. నిజానికి పెత్తనం అన్న మాటే వీటన్నిటిలో మంచిది. పల్లెటూళ్ళో పెత్తందారు రోజూ కర్ర పట్టుకుని తిరగడు, తిరగాల్సిన అవసరం రాకపోవడమే అతని పెత్తనం. అనుకోకుండా దొరికిన ఆ మంచి మాటను వాళ్ళు తర్వాతి పేజీలోనే వదిలేశారు.

అన్నిటికన్నా నష్టం చేసింది అరాచకం. అంతర్జాతీయ వ్యవస్థ స్వభావం అనార్కీ అని వాల్ట్జ్ అన్న చోటల్లా “అంతర్జాతీయ వ్యవస్థ అరాచకంగా ఉంది” అని రాశారు. తెలుగు పత్రిక రోజూ చదివేవాడికి అరాచకం అంటే రౌడీలు దుకాణాలు పగలగొట్టడం, ఇసుక లారీలు రాత్రిపూట తిరగడం. వాల్ట్జ్ చెప్పింది గొడవల గురించి కాదు, దేశాల పైన మరో ప్రభుత్వం లేదన్న వాస్తవం గురించి. అలాంటి స్థితిలో పూర్తి శాంతి కూడా ఉండవచ్చు, దానికి ఎవరూ పూచీ ఇవ్వరు, అంతే తేడా. విచిత్రమేమిటంటే సరైన మాట ఒక్క అక్షరం దూరంలో ఉంది. అరాజకం, అంటే రాజు లేనిది. దశరథుడు పోయాక రామాయణం అయోధ్యకాండలో పెద్దలు వసిష్ఠుడి ముందు, రాజు లేని జనపదం ఎలా ఉంటుందో వరసగా చెప్పే ఘట్టం మనలో చాలామంది విన్నదే. పెద్ద చేప చిన్న చేపను మింగే అర్థశాస్త్రంలోని మత్స్యన్యాయం, హాబ్స్ 1651లో వర్ణించిన ప్రకృతి దశ, వాల్ట్జ్ అనార్కీ, ఈ మూడింటినీ కలిపే దారం ఆ ఒక్క అక్షరంలో ఉండగా, చ రాసి దారం తెంచేశారు. మాక్ పరీక్షలో మా బ్యాచ్ కుర్రాడొకడు “అరాచకాన్ని అరికట్టేందుకు ఐక్యరాజ్యసమితి కఠిన చర్యలు తీసుకోవాలి” అని రాశాడు. చదివిన పుస్తకాన్ని బట్టి చూస్తే అతనిది తప్పనలేం.

మూడో రకం పొరపాటు అణువిధానం దగ్గర ఉంది. సోవియట్ విస్తరణకు అడ్డుకట్ట వేయాలన్న అమెరికా దౌత్యవేత్త కెన్నన్ 1947 నాటి వ్యూహానికి, ప్రతీకార భయంతో శత్రువు చేయి వెనక్కి తీసుకునేలా చేసే డిటరెన్స్‌కు ఒకే నిరోధం అన్న మాట వాడారు. దాంతో 2003 జనవరిలో ప్రకటించిన మన అణు సిద్ధాంతం, ముందుగా ప్రయోగించకపోవడం, కనీస స్థాయి ఆయుధాలతో నమ్మదగిన భయం కలిగించడం అన్న రెండు అంశాల కలయిక, చదివితే ఏదో రోగనిరోధక టీకా కార్యక్రమంలా ఉంది.

టెస్ట్ సిరీస్ గురించి క్లుప్తంగా చెబుతాను. పదహారింటిలో పదకొండు రాశాను. దిద్దిన పత్రం సగటున మూడు వారాలకు వచ్చేది, పది మార్కుల ప్రతి జవాబుకు నాలుగో నాలుగున్నరో వేసేవారు. 1971 ఆగస్టు 9న కుదిరిన భారత సోవియట్ ఒప్పందం అలీన విధానానికి వీడ్కోలా అన్న ప్రశ్నకు, ఆ జూలైలోనే అమెరికా అధ్యక్షుడి సలహాదారు కిసింజర్ రహస్యంగా బీజింగ్ వెళ్ళి రావడం, తూర్పు బెంగాల్ నుంచి శరణార్థులు పోటెత్తడం, ఈ రెండింటి మధ్య ఢిల్లీకి మిగిలిన దారులు ఏమిటో లెక్కగట్టి రాశాను. అలీనత అంటే ఏ పక్షంతోనూ మాట్లాడకపోవడం కాదనీ, తన నిర్ణయాన్ని తాను తీసుకునే స్వేచ్ఛ అనీ, ఆ కొలతతో చూస్తే ఒప్పందాన్ని రెండు విధాలుగానూ వాదించవచ్చనీ నా జవాబు సారాంశం. మార్జిన్‌లో వచ్చిన వ్యాఖ్య, అదీ ఇంగ్లీషులో: మరిద్దరు థింకర్ల కొటేషన్లు చేర్చండి. మరో పత్రంలో మూడు పేజీలకు టిక్కులు వరసగా పడ్డాయి, వాటి మధ్యలో నేను పొరపాటున ఖాళీగా వదిలిన పేజీకి కూడా ఒకటి పడింది. తరగతిలో మెలోస్ వాదనలు ఒక్కొక్కటిగా విప్పి చూపిన సార్ ఉన్న సంస్థలోనే, జవాబును కొటేషన్ల లెక్కతో తూచేవాళ్ళు ఉండటం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

బోధనలోనూ ఒక పెద్ద ఖాళీ ఉంది, అది చెప్పకపోతే పక్షపాతం అవుతుంది. మొదటి పేపర్ మేడమ్‌ది, రెండో పేపర్ సార్‌ది, ఇద్దరి మధ్య గోడ. మేడమ్ రాల్స్ పాఠం చక్కగా చెప్పారు. మనం ఏ ఇంట్లో పుడతామో తెలియని అజ్ఞానపు తెర వెనుక కూర్చుని సమాజపు నియమాలు ఎంచుకోమంటే ఏం ఎంచుకుంటామన్న ప్రశ్నను, నోజిక్ అభ్యంతరాన్ని, సమూహవాదుల విమర్శను సందేహానికి తావు లేకుండా వివరించారు. ఏ ఇంట్లో అన్నది సరే, ఏ దేశంలో పుడతామో కూడా తెలియకపోతే ఏమవుతుందని ఎవరో అడిగినప్పుడు, అది రెండో పేపర్‌లో వస్తుందన్నారు. రెండో పేపర్‌లో రాలేదు. 1999లో రాల్స్ స్వయంగా ఆ ప్రశ్నకు జవాబిచ్చి, అందరికన్నా అడుగునున్నవారికి మేలు చేసే అసమానతలే న్యాయమనే తన వ్యత్యాస సూత్రాన్ని దేశాల మధ్యకు విస్తరించడానికి నిరాకరించి, కష్టంలో ఉన్న సమాజాలకు సాయపడే బాధ్యత దగ్గర ఆగిపోయాడు. బైట్జ్, పోగ్గె వంటి తత్త్వవేత్తలు ఆయనతో విభేదించింది అక్కడే. 1992 రియో సదస్సు నుంచి వాతావరణ చర్చల్లో భారత్ పట్టుకుని ఉన్న మాట, బాధ్యత అందరిదీ, కానీ అందరిదీ సమానం కాదు అన్నది, ఈ తగాదా తెలిస్తే వేరే వెలుగులో కనిపిస్తుంది. రాజనీతి తత్త్వం, అంతర్జాతీయ సంబంధాలు ఒకే ఆప్షనల్‌గా ఎందుకున్నాయో చూపించగల చోటు ఇదొక్కటే, దాన్ని ఇద్దరు అధ్యాపకుల మధ్య జారవిడిచారు. రెండో పేపర్‌లోని భారత్, ప్రపంచం విభాగం గురించి చెప్పడానికి ఏమీ లేదు, పత్రికల సంపాదకీయాలు చదివి అండర్‌లైన్ చేయించారు.

తెలుగులో రాసేవారికి నా సలహా ఇది. చేరే ముందు రెండో పేపర్ సార్ ఈ బ్యాచ్‌కు చెబుతున్నారా లేదా అని రాతపూర్వకంగా అడగండి, ఆయన ఉంటే చేరవచ్చు. కౌంటర్‌లో అడిగితే తెలుగు సంపుటాల బదులు ఇంగ్లీషు నోట్సు ఇస్తారు, నాకు ఆ సంగతి ఆరో నెలలో తెలిసింది. ఇంగ్లీషు నోట్సు ముందు పెట్టుకుని, తెలుగు అకాడమీ డిగ్రీ పుస్తకాల్లోని పరిభాషతో మీ సొంత పదాల పట్టిక తయారుచేసుకోండి. నేను చిక్కడపల్లి గ్రంథాలయంలో కూర్చుని చేసుకున్నది నలభై పేజీల నోటుబుక్కు, పరీక్షకు ముందు రోజు తిరగేసింది దాన్నే. టెస్టులు రాయండి, సమయానికి ముగించడం అలవాటవుతుంది, మార్కులను మాత్రం పట్టించుకోకండి.

కోర్సు చివర్లో మెటీరియల్‌లోని తప్పులు ముప్పై ఏడు గుర్తించి, పేజీ నంబర్లతో సహా సంస్థకు ఇచ్చాను. “చూస్తాం అన్నా, నెక్స్ట్ బ్యాచ్‌కి మార్పిస్తాం” అని కౌంటర్‌లోని అబ్బాయి మర్యాదగానే తీసుకున్నాడు. మా ఊరి కుర్రాడు కొత్త బ్యాచ్‌లో చేరి, పోయిన వారం మొదటి సంపుటం తెచ్చి చూపించాడు. గ్రాంసీ పాఠంలో పద్నాలుగో పేజీనీ, పందొమ్మిదో పేజీనీ సరిచేశారు. అరెంట్ పాఠంలో అధికారం ఇంకా అధికారం కంటే భిన్నంగానే ఉంది.